పదిహేను సెకన్ల ఇల్లు

ఆలూక్స్‌నెలో డిసెంబరు.
నాలుగింటికే పొద్దు గుంకింది,
గుంకడానికి అది పెద్దగా ఎక్కిందీ లేదు.

కొట్టంలో, కారు ముందుసీట్లో కూచున్నాను.
ఒళ్ళో లాప్‌టాప్, చేతులకి కొసలు కత్తిరించిన ఉన్ని తొడుగులు.
స్టీరింగ్ కింద, మోకాలు తగిలే చోట
గ్విడో అరువిచ్చిన కేబులు గుచ్చాను.
"ఛార్జరు తగిలించకుండా ముట్టుకోకు జింత్రా,
మధ్యలో కరెంటు చచ్చిందంటే కారు మొద్దుబారిపోతుంది" అన్నాడు.
పాత అంకెలు ముందే కాగితం మీద రాసుకోమనీ అన్నాడు.
రాసుకున్నాను, పిండి కొన్న రసీదు వెనక.

ఇంజను ఆపి, తాళం ఒక్క మెట్టు తిప్పి,
తొమ్మిదో నంబరు పెట్టెను పిలిచాను.
పలికింది.
ఒకటి, సున్నా, సున్నా, ఒకటి.
ఇది నాకు తెలిసిన భాషే.
మా మేనత్త నేర్పిన చేతొడుగుల అల్లిక:
ఒక కుట్టు తెలుపు, రెండు నలుపు, మళ్ళీ తెలుపు.
ఒక్కటి తప్పితే చాలు నక్షత్రం కుంటుతుంది.

కుంటడం అనే మాట
ఈ మధ్య మా ఇంట్లో వాడటం లేదు.

సెప్టెంబరులో కోతమిల్లులో దుంగ దొర్లింది.
ఇల్గ్వార్స్ ఎడమకాలు
మిల్లు పుస్తకాల్లో నాలుగు పంక్తులు.
మా లెక్క వేరు.
గేరు మార్చే పనిలేని కారు కొన్నాం, పాతది, బ్రెమెన్ నుంచి వచ్చింది.
కొట్టం నుంచి గడప దాకా అరవై ఎనిమిది అడుగులు.
ఒకప్పుడు ఈల పూర్తయ్యేలోపు దాటేవాడు.
ఇప్పుడు కర్ర ముందు, కాలు తర్వాత,
ఆగడం ఆ తర్వాత.
బావి మలుపులో నీళ్ళు గాజులా గడ్డకట్టి ఉంటాయి,
సరిగ్గా అక్కడికి చేరకముందే
కారు దీపాలు టక్కున ఆరిపోతాయి.
నన్ను పిలవడు.
కళ్ళు చీకటికి అలవాటు పడేదాకా నిలబడతాడు.
ఆ నిలబడటం నాకు కనబడదు,
వంటింటి గడియారంలో వినబడుతుంది.

టార్చి కొనిచ్చాను.
కర్ర ఒక చేత్తో, రొట్టె డబ్బా ఒక చేత్తో,
మరి టార్చి ఏ చేత్తో అని
కొన్నాక గాని తట్టలేదు.

దిగాక వెలుగు: పదిహేను. అదీ తెర మీద.
ఫ్యాక్టరీ పెట్టిందో, బ్రెమెన్‌లో ఆ పాతాయన పెట్టుకున్నాడో.
అతని గుమ్మం కారు పక్కనే ఉండి ఉంటుంది,
పదిహేను సెకన్ల ఇల్లు.
ఎవరి అదృష్టం వాళ్ళది.

నూట ఇరవై కొట్టాను, హద్దు దాటిందంది.
తొంభై.
ఐదంకెల రహస్యం అడిగింది, చెప్పాను.
వెనక వైపరు తనంతట తాను ఒకసారి ఊగింది.
నా గుండె ఎక్కడికో జారింది.
రసీదు తీసి, వేలు పెట్టి, గడి గడీ చూసుకుంటే
పక్క వరసలో ఒక సున్నా ఒకటైంది.
విప్పి మళ్ళీ అల్లాను.

తలుపేసి తాళం నొక్కితే
మంచు మీద రెండు తెల్లటి చాపలు పరుచుకున్నాయి.
పార కర్ర ఊతంగా పట్టుకుని నడిచాను, అతనిలాగే,
కర్ర ముందు, కాలు తర్వాత, ఆగడం ఆ తర్వాత.
వెక్కిరింపులా ఉందేమోనని చుట్టూ చూశాను.
కుక్క ఒక్కటే చూస్తోంది, అదీ మర్యాదగా.
బావి దగ్గర నలభై ఒకటి.
మెట్ల దగ్గర డెబ్భై ఆరు.
తాళంచెవి వెతుక్కోవడానికి ఇంకాస్త మిగిలింది.

దీపముండగానే ఇల్లు చక్కబెట్టుకోమంటారు.
చక్కబెట్టడం సరే,
దీపముండగానే ఇల్లు చేరితే అదే చాలు నాకు.

తొమ్మిదిన్నరకు కారొచ్చింది.
బఠాణీల సూపు కలుపుతున్నట్టు నిలబడ్డాను.
గోడ మీద వెలుగు, కదలకుండా, చాలాసేపు.
అతను లోపలికొచ్చి బూట్లు దులుపుకుంటూ అన్నాడు:
"కారులో ఏదో చెడింది. లైట్లు ఆరట్లేదు.
బ్యాటరీ తినేస్తుంది. రేపు గ్విడోకి చూపించాలి."

"చూపిద్దాంలే" అన్నాను.

పదిహేను అని రాసిన రసీదు పారేయలేదు,
డ్రాయర్లో, అల్లిక సూదుల కింద పెట్టాను.
కాలు బాగయ్యాక
వెనక్కి మార్చాలిగా.